ఒక్క కిటికీ చాలు

యూరప్ ప్యాకేజీ టూరులో చర్చి అంటే మనలో చాలామందికి బస్సు దిగడానికీ మళ్లీ ఎక్కడానికీ మధ్య దొరికే ఇరవై నిమిషాలు. గుమ్మం ముందు ఒక ఫొటో, లోపలికెళ్లి తల పైకెత్తి ఒక "అబ్బో!", అక్కడో సెల్ఫీ. ఆ తర్వాత బాత్‌రూం ఎక్కడుందో వెతుక్కోవడం. మూడో ఊరు దాటేసరికి ఏ చర్చి ఏ ఊళ్లోదో గుర్తుండదు. ఇంటికొచ్చాక చుట్టాలకు ఫోను చూపిస్తూ "ఇది పారిస్సో, మిలానో..." అని నసుగుతాం. లక్షలు పోసి, మేనేజర్ని బతిమాలి సెలవు పెట్టుకుని వెళ్లినదానికి మిగిలేది ఆ నసుగుడే.

ఇందులో చర్చి తప్పేమీ లేదు, గైడుదీ లేదు. కళ్లున్నాయి కాబట్టి చూడటం దానంతటదే వచ్చేస్తుందని మనం అనుకుంటాం. పాట వినడానికి చెవి తయారవ్వాలని ఒప్పుకుంటాం కానీ, చూడటానికి కన్ను తయారవ్వాలంటే నవ్వుతాం. ఏకాగ్రత గురించి ఈ పుస్తకంలో ఇప్పటిదాకా చెప్పినవన్నీ గదిలో కూర్చుని చేసే సాధనలు. ఈ అధ్యాయంలో బయటికి వెళ్దాం. నేను చెప్పబోయేది ఒక్కటే: ఒక పెద్ద కట్టడం దగ్గరికి వెళ్లినప్పుడు కొంచెమే చూడండి, చూసినదాన్ని పూర్తిగా చూడండి. గైడు చెప్పే తేదీలు గుర్తుండకపోయినా ఫరవాలేదు. ఎలా చూడాలో మాత్రం ఆయన దగ్గర నేర్చుకుని రండి.

అభ్యాసానికి ఫ్రాన్సులోని షార్త్ర్ కెథడ్రల్‌ను ఎంచుకున్నాను. పారిస్‌కు నైరుతి దిక్కున సుమారు తొంభై కిలోమీటర్లు. మోంపర్నాస్ స్టేషన్లో రైలెక్కితే గంటా గంటంపావులో దిగుతారు. అమ్మాయో అబ్బాయో అక్కడెక్కడో ఉద్యోగం చేస్తుంటే నెలరోజులు ఉండి రావడానికి వెళ్లే తల్లిదండ్రులు ఒక రోజు ధారాళంగా కేటాయించదగ్గ ఊరు. చుట్టూ గోధుమ పొలాల మైదానం. ఊరు కనపడక ముందే చర్చి శిఖరాలు కనపడతాయి. పారిస్‌లో నోట్రడామ్ ఉంది కదా, ఇంకోటెందుకని అడగొచ్చు. 2019 ఏప్రిల్‌లో కాలిపోయి 2024 డిసెంబరులో మళ్లీ తెరుచుకున్నాక అక్కడ జనం విపరీతం. నేర్చుకోవడానికి ముందు నిలబడే చోటు దొరకాలి, షార్త్ర్‌లో అది దొరుకుతుంది. పైగా పన్నెండు, పదమూడు శతాబ్దాల నాటి రంగుటద్దాలు ఇన్ని, ఇంత క్షేమంగా మిగిలిన చోటు మరొకటి వెతికి పట్టుకోవడం కష్టం. నూట డెబ్బైకి పైగా కిటికీలు, రెండున్నర వేల చదరపు మీటర్లకు మించిన గాజు.

ఈ లెక్క వినగానే భయం వేయాలి. అన్ని కిటికీలు ఎవరు చూస్తారు? మాల్కమ్ మిల్లర్ అనే ఇంగ్లీషాయన 1958లో ఇక్కడ గైడుగా చేరి, దశాబ్దాల పాటు ఈ ఒక్క చర్చినే చూపిస్తూ గడిపారు. ఒకసారి చూపిన కిటికీలే మళ్లీ చూపకుండా ప్రతి టూరునూ మార్చేవారు. ఇదొక గ్రంథాలయం, గ్రంథాలయాన్ని ఒక పూటలో చదివేయరు కదా అనేది ఆయన ధోరణి. జీవితమంతా చూపించినాయనే మొత్తం చూపించాలని పెట్టుకోలేదు. గంటంపావు టూరు చేతిలో పెట్టుకుని మనకెందుకంత ఆత్రం?

ముందు బయట ఒక చుట్టు

టూరు మొదలయ్యే టైముకి అరగంట ముందే చేరుకోండి. లోపలికి వెళ్లొద్దు. పడమటి ముఖం ఎదురుగా, వీలైనంత దూరంగా నిలబడి, "ఇందులో ఏవి ఒకదానికొకటి పొసగడం లేదు?" అని మీలో మీరు అడగండి. అందం సంగతి తర్వాత. ముందు అతుకులు వెతకండి.

మొదటి అతుకు చిన్నపిల్లలకు కూడా దొరుకుతుంది. రెండు శిఖరాలూ ఒకలా లేవు. కుడిచేతి వైపుది నున్నగా, సాదాగా, సూటిగా మొన తేలి ఉంటుంది. అది పన్నెండో శతాబ్దంది, ఎత్తు సుమారు 105 మీటర్లు. ఎడమ వైపుది ఇంకొంచెం ఎత్తు, నిండా చెక్కడాలు. అక్కడ అంతకుముందున్న శిఖరం 1506లో పిడుగు పడి కాలిపోతే, జెయాన్ ద బోస్ అనే శిల్పి 1507 నుంచి 1513 వరకు ఇప్పుడున్న రాతి శిఖరాన్ని కట్టాడు. రెండింటి మధ్య మూడున్నర శతాబ్దాలు. పక్కదానితో సరిపోయేలా కట్టాలని ఆయన అనుకోలేదు, తన కాలానికి ఏది నచ్చితే అది కట్టాడు. నన్నడిగితే ఆ పొసగని జంటే ఈ చర్చికి అందం.

రెండో అతుకు కనిపెట్టడం కష్టం. 1194 జూన్‌లో పెద్ద అగ్నిప్రమాదం జరిగింది. ఊరూ పోయింది, చర్చీ పోయింది. మిగిలింది ఈ పడమటి ముఖం, రెండు బురుజులు, నేలమాళిగ. చర్చిలో మేరీమాత ధరించిందని నమ్మే ఒక వస్త్రం ఉండేది. యాత్రికులు దాని కోసమే వచ్చేవాళ్లు. అది కూడా కాలిపోయిందని జనం కుమిలిపోతుంటే, నేలమాళిగలోంచి అది క్షేమంగా బయటికి వచ్చింది. అమ్మవారు ఇంతకన్నా పెద్ద గుడి కోరుతోందని జనం నమ్మారు. పాతికేళ్లు తిరిగేసరికి ప్రధాన కట్టడం లేచింది. 1260లో రాజు తొమ్మిదో లూయీ సమక్షంలో ప్రతిష్ఠ చేశారు. కాబట్టి మీరు నిలబడి చూస్తున్న ముఖం ఒక చర్చిది, దాని వెనకనున్న ఒళ్లు ఇంకో చర్చిది. ఈ సంగతి మనసులో పెట్టుకుని మళ్లీ చూడండి. ముందు కనపడనివి ఇప్పుడు కనపడతాయి.

తర్వాత దక్షిణం వైపు నడవండి. గోడకు దూరంగా నిలిచిన లావాటి రాతి దిమ్మెలు, వాటి మీదనుంచి గాల్లోకి వంగి గోడను తాకే కమానులు ఉంటాయి. వాటిని ఫ్లయింగ్ బట్రెస్ అంటారు. లోపల పైకప్పు నేల నుంచి సుమారు 37 మీటర్లు, అంటే పన్నెండంతస్తుల భవనమంత. అంత ఎత్తున రాతి కప్పు వేస్తే దాని బరువు కిందికే కాకుండా పక్కలకూ తోస్తుంది. పెళ్లి పందిరి రాట ఒరిగిపోకుండా పక్కనుంచి వాసంతో పోటు పెట్టినట్టు, ఈ కమానులు బయటినుంచి ఆ తోపుడికి అడ్డం నిలిచాయి. లోపల కమానులు గుండ్రంగా కాకుండా మొనదేలి ఉంటాయి కాబట్టి బరువు ఎక్కువ భాగం నిట్టనిలువుగా దిగుతుంది. కప్పు అడుగున ఒకదాన్నొకటి దాటుతూ పోయే రాతి బద్దెలు ఆ బరువును స్తంభాల మీదికి చేరుస్తాయి. ఇక గోడకు మోసే పని తగ్గిపోయింది. పని లేని గోడను తీసేసి గాజు పెట్టారు.

గోథిక్ కట్టడమంటే ఇంతే. మొనదేలిన కమాను, బద్దెల కప్పు, బయటి పోటు. పారిస్ పక్కనున్న సెయింట్ దెనీలో మఠాధిపతి సుజే కట్టించిన తూర్పు భాగానికి 1144లో ప్రతిష్ఠ జరిగింది. ఈ పద్ధతికి అదే మొదలని చెబుతారు. గైడు నోట "గోథిక్" అనే మాట వచ్చినప్పుడల్లా తలాడించకుండా, ఈ మూడింటిలో ఎదురుగా ఏది ఉందో వెతకండి. కెథడ్రల్ ఏ ఊళ్లోదైనా ఈ పద్ధతి పనికొస్తుంది.

తెలిసినదాన్ని పట్టుకుని లోపలికి

మనవాళ్లను వెనక్కి లాగేది ఒక సంకోచం. "మనకు బైబిలు కథలు తెలీవు, లాటిన్ రాదు, ఫ్రెంచి రాజులెవరో తెలీదు, మనకేం అర్థమవుతుంది?" ఈ ఆలోచనతో లోపలికి అడుగుపెడితే నిజంగానే ఏమీ అర్థం కాదు. కొత్తదేదైనా తలకెక్కాలంటే తెలిసిన కొక్కెం ఒకటి ఉండాలి. షార్త్ర్‌లో మన కోసం ఆ కొక్కేన్ని గుమ్మంలోనే తగిలించారు.

పడమటి ముఖంలో మూడు ద్వారాలు. 1145 తర్వాత చెక్కినవి, అగ్నిప్రమాదాన్ని తట్టుకున్నవి. ఎడమ ద్వారం పైన వంపు తిరిగిన రాతి వరసలు చూడండి. పొట్టేలు, ఎద్దు, ఎండ్రకాయ, సింహం. మేషం, వృషభం, కర్కాటకం, సింహం! రోజూ పొద్దున్నే టీవీలో రాశిఫలాలు వినేవాళ్లకు దీనికి గైడు అక్కర్లేదు. ఒక్కో రాశి పక్కన ఆ నెలలో రైతు చేసే పని చెక్కారు. జనవరికి రెండు ముఖాల మనిషి, ఒక ముఖం పాత ఏడాది వైపు, రెండోది కొత్త ఏడాది వైపు. ఫిబ్రవరికి మంట దగ్గర చలి కాచుకునే మనిషి. ఎండాకాలానికి కోతలు. ఇప్పుడు రాశులు లెక్కపెట్టండి. పది ఉంటాయి. మీనం, మిథునం కనపడవు. అవి కుడి ద్వారం దగ్గర, తమకేమాత్రం సంబంధం లేని శిల్పాల మధ్య దూరి కూర్చున్నాయి. ఇక్కడ చోటు చాలక అక్కడ సర్దారు కాబోలు. పిల్లల్ని తీసుకెళ్తే "తప్పిపోయిన రెండు రాశుల్ని పట్టుకురా" అని పని అప్పజెప్పండి. ఫోను అడగరు.

ఆ కుడి ద్వారం మీదే ఇంకో దృశ్యం ఉంది. అప్పట్లో షార్త్ర్ చర్చి బడి ఐరోపాలో పేరున్నది. అక్కడ నేర్పే ఏడు విద్యలనూ ఏడుగురు స్త్రీలుగా చెక్కారు. వ్యాకరణం ఒక పంతులమ్మ. చేతిలో బెత్తం, ఎదుట ఇద్దరు పిల్లలు. అందులో ఒకడు పాఠం వినకుండా రెండోవాడి జుట్టు పీకుతున్నాడు. సంగీతం గంటలు మోగిస్తోంది. ఆమె కింద ఒంగి రాసుకుంటున్నది పైథాగరస్ అని పండితులు గుర్తిస్తారు. చర్చి గుమ్మం మీద గణితజ్ఞుడు, జుట్టు పీకే కుర్రాడు! మతం తెలియనివాడికి ఇక్కడ పనేముంది అనుకున్నవాళ్లు ఈ గుమ్మంలోనే ఒక పావుగంట గడపొచ్చు.

కిటికీ

లోపలికి వెళ్లగానే కళ్లు చీకటికి అలవాటు పడటానికి కొన్ని నిమిషాలు పడుతుంది. అందరూ ఆ నిమిషాల్లోనే ఫోను తీస్తారు. మీరు తీయకండి. ఊరికే నిలబడండి. కాసేపటికి నీలాలు, ఎరుపులు ఒక్కొక్కటే పైకి తేలతాయి.

గైడు మిమ్మల్ని గుంపుతో పాటు నడిపిస్తారు. గులాబీ కిటికీలనే పెద్ద గుండ్రటి కిటికీల దగ్గర ఆగుతారు. ఉత్తరాన ఉన్నదాని మీద ఫ్రాన్సు రాజచిహ్నమైన లిల్లీ పువ్వులూ, కాస్టీల్ కోటలూ కనపడతాయి. తొమ్మిదో లూయీ తల్లి బ్లాంష్ పుట్టిల్లు కాస్టీల్. దక్షిణాన గులాబీ కింద నలుగురు సువార్తికులు నలుగురు ప్రవక్తల భుజాల మీద కూర్చుని ఉంటారు. నీలి రంగు మేరీమాత కిటికీ వస్తుంది. అన్నీ వినండి. కానీ మీ కిటికీ ఒకటి ముందే ఎంచుకుని పెట్టుకోండి. టూరు అయ్యాక దాని దగ్గరికి తిరిగి రావాలి.

నేను సూచించేది మధ్య శాల దక్షిణపు గోడలోని మంచి సమరయుని కిటికీ. ఎత్తు మరీ ఎక్కువ కాదు, మామూలు బైనాక్యులర్స్ చాలు. అవి మాత్రం తప్పకుండా పట్టుకెళ్లండి. ఈ టూరులో కెమెరా లేకపోయినా నడుస్తుంది, అవి లేకపోతే నడవదు.

ఇక్కడి కిటికీలు చాలావరకు కిందినుంచి పైకి, ఎడమనుంచి కుడికి నడుస్తాయి. అన్నిటికన్నా అడుగున చెప్పులు కుట్టేవాళ్లు. తోలు కోస్తూ, జోళ్లు చేస్తూ ఒకచోట, కిటికీని సమర్పిస్తూ ఇంకోచోట. పెద్ద పెద్ద సాధువులకు చోటు చాలని చోట చెప్పులు కుట్టేవాళ్లకు కంటికి అందే ఎత్తులో చోటిచ్చారు. ఇలాగే రొట్టెల వాళ్లు, వడ్రంగులు, ఉన్ని తోళ్ల వ్యాపారులు ఇతర కిటికీల్లో కనపడతారు. ఆ వృత్తులవాళ్లే డబ్బు పోసి చేయించారా, లేక చర్చి పెద్దలే వాళ్ల బొమ్మలు పెట్టించారా అని చరిత్రకారుల మధ్య ఇప్పటికీ వాదన ఉంది.

వాళ్ల పైన కథ మొదలవుతుంది. ఒక మనిషి జెరూసలేము నుంచి యెరికోకు బయల్దేరాడు. దొంగలు పట్టుకుని, కొట్టి, బట్టలు లాక్కుని పడేశారు. ఒక యాజకుడు చూశాడు, వెళ్లిపోయాడు. ఒక లేవీయుడు చూశాడు, అతనూ వెళ్లిపోయాడు. ఎవరూ గౌరవించని జాతికి చెందిన సమరయుడు ఆగాడు. కట్టు కట్టాడు, తన వాహనం మీద ఎక్కించాడు, సత్రంలో చేర్చి సేవ చేశాడు. సండే స్కూలుకి వెళ్లినవాళ్లందరికీ తెలిసిన కథే. ఇక్కడిదాకా వచ్చి "ఓ, ఇదా" అని తిరిగిపోయేవాళ్లే ఎక్కువ.

కిటికీ ఇంకా సగమే అయింది. పై సగంలో కథ మారిపోతుంది. దేవుడు ఆదామును చేస్తున్నాడు. హవ్వ వస్తుంది. పండు తింటారు. తోట నుంచి వెళ్లగొడతారు. కష్టపడి పని చేసుకుంటారు. కయీను తమ్ముణ్ణి చంపుతాడు. అన్నిటికన్నా పైన సింహాసనం మీద క్రీస్తు. సమరయుడి కథ మీద ఆదాము కథ ఎందుకు పెట్టారు? ఈ ప్రశ్నతో ఒక ఐదు నిమిషాలు కూర్చోండి. గైడును వెంటనే అడగొద్దు.

ఇప్పుడు కింద ఒక కోట గుమ్మంలోంచి బయటికి నడిచే బాటసారిని, పైన తోటలోంచి బయటికి పంపేసిన ఆదామును కలిపి చూడండి. ఇద్దరూ భద్రమైన చోటు వదిలి బయటికి వస్తున్నవాళ్లే. ఆనాటి పండితులు ఈ కథను అలాగే చదివారు. దారిలో దెబ్బతిన్నవాడు మానవుడు, దొంగలు పాపం, ఆగి ఆదుకున్నవాడు క్రీస్తు, సత్రం చర్చి. రెండు కథల్నీ ఒకదాని మీద ఒకటి నిలబెట్టి, మాట రాయకుండానే ఇంత వ్యాఖ్యానం చేశారు. ఈ సంగతి మీ అంతట మీకు తడితే కలిగే సంతోషం గైడు చెబితే కలగదు. తట్టకపోతే గైడు చెబుతారు, నష్టమేమీ లేదు. అప్పటికే అడిగి ఉన్న ప్రశ్న కాబట్టి జవాబు ఇక మర్చిపోరు.

తర్వాత గాజును గాజుగా చూడండి. నీలానికి కోబాల్టు. ఎరుపు గాజు మందంగా ఉంటే నల్లగా అయిపోతుంది, వెలుగు రాదు. అందుకని తెల్ల గాజు మీద పల్చటి ఎర్ర పొర వేసేవాళ్లు. ముక్కలన్నిటినీ కలిపేవి సీసపు పట్టీలు. ముఖాల మీది గీతలు లోహపు పొడి, గాజు పొడి కలిపిన రంగుతో గీసి కొలిమిలో కాల్చినవి. మబ్బు వచ్చి వెళ్తుంటే రంగులు ఎలా మారుతున్నాయో గమనించండి. ఎండ కోసం ఒక సలహా. పడమటి గోడలో ఉన్న మూడు పాత కిటికీలకు సాయంత్రం బాగుంటుంది. దక్షిణానికి మధ్యాహ్నం. ఉత్తరం కిటికీలకు నేరుగా ఎండ పడదు కాబట్టి అవి రోజంతా నిదానంగా వెలుగుతాయి.

నోరు తెరవడం

గైడుతో టూరు తీసుకోవడంలో మన అసలు బలహీనత ఇక్కడుంది. మొదటి వరసలో నిలబడం. మాట సరిగ్గా వినపడకపోయినా "వినపడట్లేదండీ" అనం. అర్థం కాకపోయినా అర్థమైనట్టు తలాడిస్తాం. బస్సెక్కాక మాత్రం పక్కవాణ్ణి గుచ్చుతాం: "ఇందాక ఆయనేమన్నాడ్రా?" ఇంజనీరింగ్ కాలేజీలో వెనక బెంచీ మీద పట్టుబడిన అలవాటు ఇది, రిటైరయ్యేదాకా వదలదు. ఇంగ్లీషు యాస గురించి సిగ్గుపడేవాళ్లకు ఒక మాట. షార్త్ర్ గైడుకు రోజూ జపాన్ యాస, బ్రెజిల్ యాస, స్పెయిన్ యాస వినడం అలవాటు. గుంటూరు యాస ఆయనకు కొత్త కష్టమేం కాదు.

ఏం అడగాలో తెలియకపోతే ఈ దారిలో వెళ్లండి. ఎదురుగా ఉన్నదాంట్లో ఏది పాతది, ఏది తర్వాత మార్చింది? దీనికి డబ్బెవరిచ్చారు? ఇది కూలకుండా ఎలా నిలబడింది? ఈ మూడింటికి జవాబు లేని కట్టడం లోకంలో ఉండదు. "ఇది ఎన్ని అడుగులు, ఎన్ని సంవత్సరాలు" అనే ప్రశ్నలు వదిలేయండి, అవి బోర్డు మీద ఉంటాయి. ఇంకో మంచి ప్రశ్న: "దీని మీద మీవాళ్లలో గొడవేమైనా ఉందా?" ఆ ప్రశ్న వినగానే గైడు ముఖంలో వెలుగు చూస్తారు.

షార్త్ర్‌లో నిజంగానే గొడవ ఉంది. 2009 నుంచి లోపలి గోడలను కడిగి, పాత కాలపు రంగు పూతలను బయటపెట్టి, పోయినచోట మళ్లీ వేస్తూ వచ్చారు. శతాబ్దాల మసి పోయి గోడలు తెల్లబడ్డాయి. పదమూడో శతాబ్దపు మనిషి చూసింది ఇలాగే అని కొందరంటారు. చీకట్లోనే అద్దాలు బాగా వెలిగేవి, దాన్ని పాడుచేశారని మరికొందరు. తరతరాలుగా నల్లగా ఉన్న స్తంభం దగ్గరి మేరీమాత విగ్రహం ఈ పనుల తర్వాత తెల్లటి ముఖంతో బయటికి వచ్చేసరికి అలవాటు పడిన భక్తులు బాధపడ్డారు. నాకైతే శుభ్రం చేయడంలో తప్పు కనపడదు. విగ్రహం విషయంలో మాత్రం భక్తుల పక్షమే. మీరూ ఏదో ఒక పక్షం తీసుకోండి. పక్షం తీసుకోవాలంటే మళ్లీ గోడ వంక చూడక తప్పదు.

విన్న కథను నమ్మేముందు వెళ్లి చూసుకోవడమనే అలవాటుకు ఈ చర్చి రుణపడి ఉంది. 1944 ఆగస్టు 16. ఊళ్లోకి అమెరికా సైన్యం వస్తోంది. చర్చి బురుజుల్లో జర్మన్లు కూర్చుని దూరం నుంచి కనిపెడుతున్నారని అనుమానం. ఫిరంగులు పేల్చడానికి ఏర్పాటైంది. వెల్బోర్న్ గ్రిఫిత్ అనే కర్నల్ ముందు తాను వెళ్లి చూస్తానన్నాడు. వెళ్లి వెతికాడు, లోపల శత్రువులెవరూ లేరని తేల్చాడు. పేల్చాలన్న ఆదేశం రద్దయింది. అదే రోజు పక్కనున్న లేవ్ ఊళ్లో జరిగిన కాల్పుల్లో ఆయన చనిపోయాడు. కిటికీల గాజును మాత్రం అంతకు ముందే, 1939లోనే విప్పి దాచారు.

చిన్న విషయాలు

చెప్పులు విప్పక్కర్లేదు, టోపీ ఉంటే తీయాలి. ఇది పూజలు జరిగే చర్చి. ప్రార్థన జరుగుతున్నప్పుడు టూర్లు ఉండవు, ఆదివారం ఉదయం వెళ్లకండి. ప్రధాన శాలలోకి ప్రవేశం ఉచితం. నేలమాళిగకు, బురుజు ఎక్కడానికి టికెట్టు కావాలి. బురుజు మెట్లు సన్నగా, మెలికలు తిరుగుతూ పోతాయి. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు పట్టుదలకు పోవద్దు. ఎండాకాలంలోనూ లోపల చల్లగా ఉంటుంది, ఒక స్వెటర్ పట్టుకెళ్లండి. బాత్‌రూం పని స్టేషన్లోనో కాఫీ కొట్లోనో ముగించుకుని వెళ్లండి. సగం మంది ధ్యాస చెడేది అక్కడే.

నేల మీద సుమారు 13 మీటర్ల వెడల్పున చుట్లు చుట్టిన రాతి దారి ఉంటుంది. దాని కోసమే ప్రత్యేకంగా వచ్చి, మామూలు రోజుల్లో దాని మీద కుర్చీలు పరిచి ఉండటం చూసి ఉసూరుమనేవాళ్లు చాలామంది. ఈస్టరు ముందు ఉపవాస దినాల నుంచి నవంబరు 1 వరకు శుక్రవారాల్లో కుర్చీలు తీస్తారు. నడవాలనుంటే శుక్రవారం వెళ్లండి. దారి పొడవు 260 మీటర్ల పైనే. ఎక్కడా చీలికలు లేవు, తప్పిపోయే అవకాశం లేదు. తీరిగ్గా నడిచేవాళ్లను వెనకనుంచి తోయకండి.

దక్షిణపు అడ్డశాలలో ఒక నేలరాయి మిగతావాటిలా కాకుండా ఐమూలగా పరిచి ఉండి, అందులో చిన్న లోహపు మేకు కనిపిస్తుంది. జూన్ 21 ప్రాంతంలో మధ్యాహ్నం పూట పైకిటికీలో వదిలిన చిన్న బెజ్జం గుండా ఎండ వచ్చి సరిగ్గా దాని మీద పడుతుంది. గైడు చెప్పకపోతే అడగండి.

ఫ్రాన్సు దాకా వెళ్లలేనివాళ్లకు

ఈ సాధనకు పాస్‌పోర్టు తప్పనిసరి కాదు. హైదరాబాదుకు వంద కిలోమీటర్లలోపే మెదక్ కెథడ్రల్ ఉంది. చార్లెస్ వాకర్ పోస్నెట్ అనే ఇంగ్లీషు మిషనరీ చొరవతో 1914లో మొదలై, 1924 డిసెంబరు 25న ప్రతిష్ఠ జరిగింది. గోథిక్ పద్ధతిని ఇరవయ్యో శతాబ్దంలో తెలంగాణ రాయితో మళ్లీ కట్టారు. బురుజు 175 అడుగులు. కరువులో జనానికి కూలిపని కల్పించడానికే ఇంత పెద్దది తలపెట్టారని అక్కడివాళ్లు చెబుతారు. అంటే "డబ్బెవరిచ్చారు" అనే ప్రశ్నకు ఇక్కడ "కూలి ఎవరికి దక్కింది" అనే ప్రశ్న కూడా తోడవుతుంది. లోపల ఫ్రాంక్ సాలిస్‌బరీ గీసిన మూడు పెద్ద రంగుటద్దాల కిటికీలు: క్రీస్తు జననం, సిలువ, ఆరోహణం. నూట డెబ్బై కాదు, మూడే. కాబట్టి ఎంచుకోవడానికి ఇబ్బంది లేదు.

మొనదేలిన కమానులు, కప్పు కింద బద్దెలు ఎక్కడున్నాయో వెతకండి. బయట గోడకు ఆసరాగా ఏముందో, షార్త్ర్ ఫొటోతో పోల్చి చూడండి. తర్వాత ఒక కిటికీ ఎదుట కూర్చుని, ముందు కింది మూలలు, ఆ తర్వాత మధ్య బొమ్మ చూడండి. అక్కడి సంఘస్థులెవరైనా కనపడితే మాట కలపండి. టికెట్టు గైడు కన్నా వాళ్లకు తెలిసిన కథలెక్కువ, పైగా తెలుగులో చెబుతారు.

క్రిస్మస్ రోజుల్లో, ఆదివారం ఆరాధన వేళల్లో వెళ్లొద్దు. జనంలో కిటికీ దాకా చేరలేరు. మామూలు రోజు భోజనం చేసి బయల్దేరినా పరవాలేదు కానీ, పొద్దు వాలకముందే లోపల ఉండాలి. చీకటి పడ్డాక లోపలినుంచి ఆ అద్దాల్లో ఏమీ కనపడదు.